షెడ్డులో బస్సు, బెంచీ మీద బావ

మా బావకి చివరి రోజుల్లో పెద్ద కోరికలేమీ లేవు. ఒక ఆఫీసు తనతో 'సరే' అనో 'కుదరదు' అనో అంటే చాలనుకున్నాడు. మొదట్లో 'సరే' అనే అంటారని ధీమాగా ఉండేవాడు. పోనుపోను, 'కుదరదు' అన్నా పరవాలేదు, ఏదో ఒకటి అనండి చాలు అనే స్థితికి వచ్చాడు. ఆ రెండు మాటల్లో ఏదీ వినపడని కాలం మనిషిని ఎలా నమిలేస్తుందో ఆయన పక్కన కూర్చుని చూశాను. మీ బావ ఏం చేసేవాడని ఎవరైనా అడిగితే డ్రైవరని చెప్తాను. కానీ కళ్లు మూసుకుంటే నాకు కనపడేది స్టీరింగు వెనక బావ కాదు. రవాణా ఆఫీసు వరండాలో, ఎందరివో వీపులు రాసుకుని గోడ సున్నం చెరిగిపోయిన చోట, చెక్క బెంచీ మీద బావ.

ఆయన మా అక్క భర్త. నేను నిక్కర్లు వేసుకునే వయసులో మా ఇంటికి అల్లుడుగా వచ్చాడు. నాకు మీసాలు నెరిశాక కూడా నన్ను నిక్కర్ల వాడిలాగే చూసేవాడు. ఉద్యోగమంతా ఒక పెద్ద బస్సు కంపెనీలో చేశాడు. అందులో చివరి సగం ఒకటే రూటు, ఊళ్లో బస్టాండు నుంచి కొండ మీద రాళ్ల క్వారీ దాకా. క్వారీ పక్కన కూలీల కాలనీ ఉంది. అదే ఆఖరి స్టాపు. అక్కడ బస్సు తిప్పుకోవడానికి సరిపడా చోటుండదు. ఒక పక్క కంకర గుట్ట, రెండో పక్క లోయ. కొత్త డ్రైవర్లు చెమటలు కక్కుతూ ముందుకీ వెనక్కీ కుస్తీ పడేవారు. బావ ముందు సీటువాడితో కబుర్లు చెబుతూనే తిప్పేసేవాడు.

ఆ రూటుని కంపెనీ ఒక సాయంత్రం ఎత్తేసింది. ఎక్కే మనుషులు తక్కువ, తాగే డీజిలు ఎక్కువ అన్నారు. మర్నాడు డిపోకి వెళ్తే గానీ బావకి ఆ సంగతి తెలియలేదు. ముందు రోజు ఆఖరి ట్రిప్పులో, కాలనీ స్టాపు దగ్గర టీకొట్టు నడిపే ముసలామె ఆయన్ని ఆపింది. "నాయనా, ఊళ్లో కళ్లద్దాలు బాగుచెయ్యడానికిచ్చాను. రేపు పట్టుకొస్తావా?" అంది. "పొద్దున ఫస్టు ట్రిప్పుకే తెస్తా"నని చెప్పి వచ్చాడు. ఆ ఫస్టు ట్రిప్పు లేనే లేదు. తర్వాత సెలవు పెట్టి, మెయిన్ రోడ్డు మీద దిగి, కొండెక్కి నడిచివెళ్లి మరీ ఇచ్చొచ్చాడు. కానీ మనసులో ముల్లు అలాగే ఉండిపోయింది.

"కళ్లద్దాలు ఇచ్చేశావుగా బావా, ఇంకేంటి?" అన్నాను ఓసారి.

"కళ్లద్దాలు ఇచ్చాన్రా. బస్సుతో రేపొస్తానన్నాను, బస్సుతో వెళ్లలేదు" అన్నాడు.

రిటైరైన ఏడు ఆయన ఒక పాత బస్సు కొన్నాడు. ఆ రూటులో తన బస్సు తనే నడుపుతానన్నాడు. అక్క ఒంటికాలి మీద లేచింది.

"మనిషన్నాక రిటైరైతే మొక్కలకి నీళ్లు పోసుకుంటాడు, మధ్యాహ్నం కాసేపు పడుకుంటాడు. మీరేంటండీ, బస్సు తెచ్చి వాకిట్లో పెట్టారు?"

"నువ్వు కూడా ఎక్కు. నిన్ను టికెట్ అడగను."

"అడిగి చూడండి, చెప్తాను."

బస్సు ఉంటే చాలదు, రూటుకి పర్మిట్ కావాలి. దానికి రవాణా ఆఫీసులో దరఖాస్తు పెట్టాలి. దరఖాస్తు అందాక ఇంత గడువులోపు ఏదో ఒకటి తేల్చాలని చట్టంలో ఉంది. అదే చట్టంలో ఇంకో మాట కూడా ఉంది, ఒక వయసు దాటిన బస్సుకి కొత్త పర్మిట్ ఇవ్వకూడదని. బావ బస్సు అప్పటికే నడివయసులో ఉంది, అయినా గడువు మాత్రం బోలెడుంది. "ఇంకా నా అంత ముసలిది కాలేదులే" అనేవాడు. దరఖాస్తు ఇచ్చిన రోజు ఇంటికెళ్తూ మా ఇంట్లో ఆగి, బస్సు అద్దాలు తుడవడానికి పాత పేపర్లు అడిగి తీసుకెళ్లాడు. నేను పత్రికాఫీసులో ప్రూఫులు దిద్దేవాణ్ణి కాబట్టి మా ఇంట్లో వాటికి కొదవ లేదు.

ఇంటి వెనక ఖాళీ స్థలంలో రేకుల షెడ్డు వేయించి బస్సుని అందులో పెట్టాడు. పర్మిట్ లేని బస్సుని రోడ్డెక్కించడానికి వీల్లేదు. అలాగని కదపకుండా వదిలేసినా పాడవుతుంది. టైర్లు ఒకేచోట ఆని ఉంటే అక్కడ చదునైపోతాయట. అందుకని రోజూ పొద్దున స్టార్టు చేసి, గేటు దాకా తెచ్చి, మళ్లీ వెనక్కి తీసుకెళ్లి, నిన్న ఆగిన చోటుకి జానెడు పక్కన ఆపేవాడు. ఆ కాస్త దూరానికే సీటు సర్దుకునేవాడు, అద్దం సరిచూసుకునేవాడు, హారన్ కొట్టేవాడు.

"ఎవరున్నారని కొడతారా హారను?" అనేది అక్క.

"నువ్వున్నావుగా."

కొన్నాళ్లకి అక్క కూడా ఆ బస్సుకి అలవాటు పడిపోయింది. మధ్యాహ్నం ఇంట్లో ఉక్కగా ఉంటే కూరగాయల పళ్లెం పట్టుకుని బస్సెక్కేది. కిటికీ పక్క సీట్లో కూర్చుని చిక్కుడుకాయల ఈనెలు తీసేది. నేను వెళ్లినప్పుడు ఒకసారి అడిగాను, "ఎక్కడిదాకా అక్కా టికెట్టు?" అని. తలెత్తకుండా చెప్పింది, "మీ బావ ఎక్కడిదాకా పోతే అక్కడిదాకా. ప్రస్తుతానికి గేటు దాకా."

ప్రతి సోమవారం బావ ఆఫీసుకి వెళ్లేవాడు. నాకు డ్యూటీ మధ్యాహ్నం కాబట్టి తోడు వెళ్లేవాణ్ణి. పర్మిట్ల సెక్షను గుమాస్తా మంచివాడే. ఎప్పుడూ విసుక్కునేవాడు కాదు. విసుక్కునే ఓపిక కూడా లేనట్టుండేవాడు. ఆయన బల్ల వెనక ఇనప ర్యాకు, దాన్నిండా ఫైళ్ల దొంతరలు.

"ప్రాసెస్‌లో ఉంది సార్" అనేవాడు.

బావ ఒకసారి అమాయకంగా మొహం పెట్టి, "ఆ ప్రాసెస్ ఏ గదండీ? చూపిస్తే అక్కడే కూర్చుంటాను" అన్నాడు.

గుమాస్తా నవ్వాడు. బావా నవ్వాడు. ఫైలు కదల్లేదు.

ఆఫీసు గేటు పక్కన గొడుగు కింద అర్జీలు రాసే ఆయన ఒకడు కూర్చునేవాడు. అందరూ అర్జీల మేష్టారు అనేవారు. తన భాష మీద ఆయనకి మహా నమ్మకం. బావ సంగతి విని, "అడక్కపోతే మర్చిపోతారండీ. వారం వారం గుర్తుచేస్తుండాలి" అన్నాడు. బావకి ఆ మాట నచ్చింది. డ్రైవరు కదా, టైముకి కనపడటమే మర్యాదని ఆయన లెక్క. అప్పటినుంచి ప్రతి సోమవారం ఒక కొత్త అర్జీ.

"పోయిన వారం 'సవినయంగా' అని రాశాను. ఈ వారం 'సవినయంగా, ఆవేదనతో' అని రాస్తున్నాను" అనేవాడు మేష్టారు, కలం నాలిక్కి తాకించి.

"ఆవేదన ఎక్కువైతే వాళ్లు నొచ్చుకుంటారేమో" అనేవాడు బావ.

"అయితే 'కించిత్ ఆవేదన' అందాం."

ఆ కాగితం పట్టుకెళ్లి గుమాస్తాకి ఇస్తే, ఆయన ముద్ర కొట్టి, నంబరు వేసి, ఫైల్లో కట్టేవాడు. ముద్ర పడిన చప్పుడు వినగానే బావ మొహంలో చిన్న వెలుగు కనపడేది. ఈ వారానికి చెయ్యాల్సింది చేశాం అన్నట్టు నావైపు చూసేవాడు. తర్వాత కాసేపు ఆ బెంచీ మీద కూర్చునేవాళ్లం. ఎందుకు కూర్చునేవాళ్లమో నాకిప్పటికీ తెలియదు. వెంటనే లేచి వెళ్లిపోతే మనకి అంత అవసరం లేదనుకుంటారని ఆయన భయం కావచ్చు.

అలా కాలం జరిగింది. వానలు పడ్డాయి, షెడ్డు రేకులు కారాయి. బావ బస్సు మీద టార్పాలిన్ కప్పాడు. ఎండలొచ్చాయి, టార్పాలిన్ తీశాడు. మళ్లీ వానలొచ్చాయి. బస్సుకి వయసు మీద పడుతోందని ఇప్పుడు జోకులు వేయడం మానేశాడు.

ఒక పొద్దున వాళ్లింటికి వెళ్లేసరికి గేటు స్తంభం పెచ్చులూడి ఉంది. బస్సు ఎడమ పక్కన పొడవాటి గీత. బావ బకెట్టు నీళ్లతో ఆ గీతని తుడుస్తున్నాడు, తుడిస్తే పోతుందన్నట్టు.

"ఏమైంది బావా?"

"ఏమవుతుంది? స్తంభం అడ్డమొచ్చింది."

అక్క నన్ను వంటగదిలోకి పిలిచి మెల్లగా చెప్పింది. "ఇది మొదటిసారి కాదురా. పక్కనున్నవి ఆనడం లేదు ఆయనకి. అన్నం తింటూ ఎడమ పక్కనున్న గ్లాసు రోజూ తన్నేస్తున్నారు. డాక్టరు దగ్గరికి పదండంటే, పర్మిట్ వచ్చాక వెళ్దామంటారు."

బస్సుకి మిగిలిన గడువు ఒకవైపు, ఆయన చూపు ఒకవైపు తరిగిపోతున్నాయని ఆ రోజే నాకు అర్థమైంది. మర్నాడే ఆయన్ని బలవంతంగా ఒక లాయరు దగ్గరికి తీసుకెళ్లాను.

లాయరమ్మ ఆఫీసు చెప్పుల దుకాణం పైన ఉంది. మెట్లెక్కుతుంటే కొత్త తోలు వాసన. ఆవిడ కాగితాలన్నీ చదివింది. చదివి బావని అడిగింది, "చట్టం ఇచ్చిన గడువు ఎప్పుడో దాటిపోయింది కదా. ఇన్నాళ్లూ ఎందుకు రాలేదు పెద్దాయనా?"

"కేసు పెడితే కోపం వస్తుందేమోనని అమ్మా."

"ఎవరికి?"

బావ కాసేపు ఆలోచించాడు. "ఆఫీసుకి."

"ఆఫీసుకి కోపం రాదు. అసలు ఏదీ రాదు. అదే మన కేసు" అందావిడ. "ఒక సంగతి ముందే చెప్తాను. కోర్టు మీకు పర్మిట్ ఇవ్వదు."

బావ నావైపు చూశాడు, ఇంతదూరం ఎందుకు తెచ్చావురా అన్నట్టు.

"ఇస్తారో ఇవ్వరో ఫలానా రోజులోగా తేల్చండి అని ఆఫీసుకి చెప్తుంది. ఇలాగే తేల్చండి అని మాత్రం అనదు. దాని చేతిలో ఉన్నది అంతే."

"కాదనడానికైనా నోరు విప్పుతారు కదమ్మా?"

"విప్పాలి. కాదంటే ఎందుకు కాదో రాయాలి. రాస్తే ఆ రాత మీద మనం పోట్లాడొచ్చు. ఏమీ అనకపోతే పోట్లాడటానికి కూడా ఏమీ ఉండదు."

బావ మెట్లు దిగుతూ, "ఈవిడకి డ్రైవింగ్ వచ్చనుకుంటాన్రా" అన్నాడు. ఆయన నోట అంతకు మించిన పొగడ్త లేదు.

అలా ఆఫీసు మీద కోర్టులో రిట్ పిటిషన్ వేశాం. కోర్టుకి వెళ్లే రోజుల్లో బావ తన పాత యూనిఫాం చొక్కా ఇస్త్రీ చేయించి వేసుకునేవాడు. కోర్టు హాల్లో ఫ్యాను తిరుగుతుండేది, గాలి మాత్రం కిందికి వచ్చేది కాదు. మా నంబరు దగ్గరపడేసరికి భోజనాల టైము అయ్యేది. భోజనాలయ్యాక ఇంకేదో పెద్ద కేసు వచ్చేది. ఒక్కోసారి నిజంగానే పిలిచేవారు. అప్పుడు ప్రభుత్వ లాయరు లేచి, ఆఫీసు నుంచి వివరాలు అందలేదు, వాయిదా కావాలనేవాడు. జడ్జి గారు ఇంకో తారీఖు చెప్పేవారు. ఆ ఒక్క నిమిషం కోసం బావ పొద్దున్నుంచీ మూత్రానికి కూడా లేవకుండా కూర్చునేవాడు.

"నేను లేచినప్పుడే పిలుస్తార్రా. బస్సుల కోసం నిలబడేవాళ్లని చూశాను కదా నేను. టీ తాగడానికి వెళ్లినప్పుడే వస్తుంది బస్సు" అనేవాడు.

ఈ కోర్టు వాయిదాల మధ్యలో కూడా సోమవారం అర్జీలు మానలేదు. లాయరమ్మకి చెప్పాలని మాకిద్దరికీ తోచలేదు. పళ్లు తోముకున్నామని లాయరుకి చెప్తామా? అది అంత అలవాటైపోయింది.

చివరికి ఆఫీసు వాళ్లు కోర్టుకి జవాబిచ్చారు. లాయరమ్మ దాన్ని పైకి చదివింది. అర్జీదారు యొక్క దరఖాస్తు ఇటీవలే అందినది, వరుసక్రమంలో పరిశీలనలో ఉన్నది, జాప్యమేమీ జరగలేదు అని అందులో ఉంది.

"ఇటీవలా?" అన్నాను నేను.

ఆవిడ తారీఖు చూపించింది. "ఈ రోజున ఏమిచ్చారు పెద్దాయనా?"

"అదా, గుర్తుచేసే కాగితం అమ్మా. సోమవారం కదా."

"ఇలాంటివి ఎన్నిచ్చారు?"

బావ కాస్త గర్వంగానే చెప్పాడు. "ఒక్క వారం కూడా మానలేదు."

ఆవిడ కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టింది.

మేం అక్కణ్ణుంచి నేరుగా గుమాస్తా దగ్గరికి వెళ్లాం. బావ గొంతు పెంచలేదు. ఆయన గొంతు పెంచడం నేనెప్పుడూ వినలేదు. "నా దరఖాస్తు ఇటీవల అందిందని రాశారేంటండీ?" అని అడిగాడంతే.

గుమాస్తా కుర్చీలోంచి లేచి ర్యాకు వైపు తిరిగాడు. "చూడండి సార్. ఈ చివర పాతవి, ఆ చివర కొత్తవి. ఈ చివర్నుంచి తీసుకుంటూ వస్తాం. ఫైల్లోకి కొత్త కాగితం వచ్చిందంటే దానికి కొత్త నంబరు. కొత్త నంబరు పడితే ఫైలు ఆ నంబరు దగ్గరికి వెళ్తుంది."

"అంటే?"

"అంటే మీ ఫైలు ఈ చివరికి చాలాసార్లు దగ్గరపడింది సార్. సోమవారం మీరు కాగితం ఇచ్చేవారు. నేను తీసి ఆ చివర పెట్టేవాణ్ణి."

ఎవరో ఫ్యాను వేశారు. బల్ల మీద కాగితాలు రెపరెపలాడితే గుమాస్తా చేత్తో అదిమిపట్టాడు.

"మరి నాకు చెప్పలేదేం బాబూ?"

"మీరు అడగలేదు సార్. నేను చెప్పడానికీ లేదు. అర్జీ ఇవ్వొద్దని నేనెలా అంటాను? తీసుకోనంటే నా మీద కంప్లయింటు. ఈ పద్ధతి నేను పెట్టింది కాదు, నేనొచ్చేసరికే ఉంది." కొంచెం ఆగి అన్నాడు, "పైగా మీరు ఇచ్చి వెళ్లేటప్పుడు సంతోషంగా వెళ్లేవారు."

గేటు దగ్గర గొడుగు కింది నుంచి అర్జీల మేష్టారు పిలిచాడు. విషయం చెప్తే ఆయన మొహం పాలిపోయింది. "నా భాషలో లోపమేమీ లేదుగా?" అన్నాడు.

"లేదు మేష్టారూ. ముద్దొచ్చేలా ఉంది" అన్నాడు బావ.

ఆ మధ్యాహ్నం ఆయన నేరుగా షెడ్డులోకి వెళ్లి డ్రైవరు సీట్లో కూర్చున్నాడు. అక్క ఎప్పటిలా కిటికీ పక్కనుంది. నేను మెట్టు మీద కూర్చున్నాను. బావ స్టీరింగు మీద చేతులేసి అన్నాడు, "రివర్స్ గేరు వేసుకుని ఇన్నాళ్లూ యాక్సిలేటర్ తొక్కాను. బండి ఇంకా కదలదేంట్రా అని ఇంకా గట్టిగా తొక్కాను."

అక్క కిటికీ దగ్గర్నుంచి అందుకుంది. "నేను కూర ఎలా ఉందని అడిగినప్పుడల్లా మీరు పలక్కుండా తినేవారు కదా. ఇప్పుడు తెలిసిందా, పలక్కపోతే ఎలా ఉంటుందో?"

బావ నవ్వాడు. నవ్వుతూనే చొక్కా చేతితో కళ్లు తుడుచుకున్నాడు. "బాగానే ఉండేదే కూర" అన్నాడు.

లాయరమ్మ గట్టిగా చెప్పింది, ఇక ఆ ఆఫీసులో ఒక్క ముక్క కాగితం కూడా ఇవ్వకూడదని. మాటిచ్చాడు. కానీ సోమవారం వచ్చేసరికి స్నానం చేసి తయారైపోయాడు. "కాగితం ఇవ్వనన్నాను గానీ, వెళ్లననలేదుగా" అన్నాడు. వెళ్లాం. బెంచీ మీద ఖాళీ చేతులతో కూర్చున్నాం. లోపల ముద్ర చప్పుడు వినపడినప్పుడల్లా ఆయన తలుపు వైపు చూసేవాడు. గుమాస్తా ఒకసారి బయటికొచ్చి మమ్మల్ని చూసి, ఏదో అనబోయి, లోపలికి వెళ్లిపోయాడు.

మళ్లీ కేసు పిలిచిన రోజున జడ్జి గారికి జలుబు చేసినట్టుంది. రుమాలు ముక్కు దగ్గర పెట్టుకుని జవాబంతా చదివారు. "గుర్తుచెయ్యడమంటే కొత్తగా అడగడమా?" అని ప్రభుత్వ లాయరుని అడిగారు.

"ఆఫీసు పద్ధతి ప్రకారం అండీ..."

"అయితే ఈయన నోరు మూసుకుని ఇంట్లో కూర్చుంటే పని జరిగేదన్నమాట."

"అలా అని కాదండీ..."

"ఇంట్లో కూర్చుని ఉంటే, ఈయనకే అక్కర లేకపోయిందని రాసేవాళ్లు మీరు."

హాల్లో ఎవరో కిసుక్కుమన్నారు. బావ నవ్వలేదు. జడ్జి గారి నోటినే చూస్తున్నాడు. లాయరమ్మ లేచి, ఈలోగా బస్సు వయసు దాటిపోయింది, ఆలస్యం ఆఫీసుదైతే శిక్ష బస్సుకెందుకని అడిగింది. ప్రయాణికుల భద్రత అన్నాడు ప్రభుత్వ లాయరు. బస్సు కండిషన్ చూడటానికి వేరే పరీక్ష ఉంది, అందులో తప్పితే తప్పించండి అన్నారు జడ్జి గారు. చివరికి, మొదటి దరఖాస్తు ఇచ్చిన రోజునే లెక్కలోకి తీసుకోవాలి, బస్సు వయసు కూడా ఆ రోజున ఎంతో అంతే, కొద్ది వారాల గడువులోగా ఏదో ఒకటి తేల్చి రాతపూర్వకంగా చెప్పాలి అని ఉత్తర్వు రాయించారు. ఇంకో కేసు పిలిచారు.

బయటికొచ్చాక బావ అడిగాడు, "గెలిచామా అమ్మా?"

"వాళ్లు మాట్లాడేలా చేశాం" అంది లాయరమ్మ.

ఆఫీసు గడువులో ఆఖరి రోజు దాకా ఆగి మాట్లాడింది. 'సరే' అంది. గుమాస్తా ఆ కాగితాన్ని బల్ల మీంచి కాకుండా లేచి నిలబడి ఇచ్చాడు. బస్సు కండిషన్ పరీక్షలో కూడా నెగ్గింది. అంతకాలం రోజూ గేటు దాకా నడిచిన బస్సు కదా, ఒక్క బోల్టు కూడా తుప్పు పట్టలేదన్నారు.

బావ మాత్రం నెగ్గలేదు. పెద్ద బళ్ల లైసెన్సు రెన్యువల్‌కి కళ్ల పరీక్ష చేయించుకోవాలి. డాక్టరు ఒక చీకటి డబ్బాలో ఆయన తల పెట్టించి, దీపాలు కనపడినప్పుడల్లా బటన్ నొక్కమన్నాడు. చాలా దీపాలు ఆయన నొక్కకుండానే వెళ్లిపోయాయి. "ఎదురుగా బాగానే ఉంది. పక్క చూపే పోయింది. ఎప్పటినుంచి ఇలా?" అన్నాడు డాక్టరు.

"మా గేటు స్తంభాన్ని అడగండి" అంది అక్క.

పోయిన చూపు తిరిగి రాదు, ఉన్నది నిలబెట్టడానికి చుక్కల మందు వాడాలన్నాడు. 'రెండేళ్ల ముందు వచ్చుంటే' అని కూడా అన్నాడు, కానీ ఆ మాట పూర్తి చెయ్యలేదు. బావ దారంతా కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు. ఇంటికొచ్చాక నాతో ఒక్కమాట అన్నాడు. "నాకు 'కుదరదు' అన్నది ఆ డాక్టరొక్కడేరా. మర్యాదగా, అడిగిన రోజే చెప్పాడు."

ఒక డ్రైవరుని పెట్టుకున్నాడు. నెమ్మదైనవాడు, నలభైల్లో ఉంటాడు. మొదటి ట్రిప్పుకి నేనూ అక్కా ఎక్కాం. బావ డ్రైవరుకి పక్కగా ముందు సీట్లో కూర్చున్నాడు. మలుపు వచ్చినప్పుడల్లా ఆయన కుడికాలు నేలని తొక్కేది. కాసేపు చూసి డ్రైవరు అన్నాడు, "బాబాయ్, బ్రేకు ఇటుపక్కుంది. అక్కడ లేదు."

"నా కాలికి తెలియదయ్యా ఆ సంగతి. దానికి పాత ఉద్యోగం."

కాలనీ దగ్గరికి వచ్చేసరికి అందరూ బయటికొచ్చారు. టీకొట్టు ముసలామె ఇంకా వంగిపోయింది. కళ్లద్దాలు సవరించుకుని బావని పైనుంచి కిందిదాకా చూసింది.

"రేపొస్తానని ఇప్పుడా నాయనా రావడం?"

"దారిలో ఒక ఆఫీసు తగిలిందమ్మా" అన్నాడు బావ.

బస్సు తిప్పాలి. డ్రైవరు ఒకసారి వెనక్కి తీసి, లోయ చూసి ఆగిపోయాడు. బావ దిగాడు. తడుముకుంటూ బస్సు వెనక్కి వెళ్లి, కంకర గుట్టకి వీపు ఆనించి నిలబడ్డాడు. పక్కలు కనపడవు కాబట్టి తల ఆ చివర్నుంచి ఈ చివరికి తిప్పితిప్పి చూస్తూ, అరచేత్తో బస్సు రేకు మీద చరిచాడు. "రానీ... రానీ... ఎడమకి కొయ్యి... ఇంకా రానీ... భయపడకు, నేనున్నా... ఆపు!" బస్సు తిరిగింది. అక్క కిటికీలోంచి తల బయటపెట్టి చూస్తోంది. నాకు ఆ అరచేతి చప్పుడు ఇప్పటికీ వినిపిస్తుంది.

అప్పటినుంచి రోజూ ఫస్టు ట్రిప్పుకి వెళ్లి, పైన దిగి, బస్సు తిప్పించి వచ్చేవాడు. డ్రైవరుకి ఆ మలుపు అలవాటైపోయాక కూడా దిగేవాడు. డ్రైవరు కాదనేవాడు కాదు. ఇలా ఒక వానాకాలం, ఒక చలికాలం గడిచాయి. ఎండలు మొదలవుతుండగా ఒక పొద్దున అక్క టీ ఇచ్చి లేపబోతే ఆయన లేవలేదు. బస్సు బయల్దేరే టైమైందని డ్రైవరు వాకిట్లో హారన్ కొట్టాడు. అది విని కూడా లేవకపోయేసరికి అక్కకి తెలిసిపోయింది.

యజమాని పోతే కొంతకాలం దాకా ఆ పర్మిట్ మీదే బస్సు నడుపుకోవచ్చు. ఆలోగా వారసుల పేరుకి మార్చుకోవాలి. మార్చకపోతే బస్సు మళ్లీ షెడ్డుకే. అక్క దరఖాస్తు ఇచ్చింది. గుమాస్తా తలొంచుకునే ముద్ర వేశాడు. అప్పటినుంచి ప్రతి సోమవారం నేనూ అక్కా వెళ్తున్నాం.

మొన్న గేటు దగ్గర అర్జీల మేష్టారు లేచొచ్చాడు. జుట్టు పూర్తిగా తెల్లబడింది. "అమ్మా, గడువు దగ్గరపడుతోందని విన్నాను. ఆయన మీది గౌరవంతో ఒక మంచి రిమైండరు రాసిపెడతాను, ఊరికే" అన్నాడు.

"వద్దు మేష్టారూ. మొదటిది ఇచ్చాను. అదే చదవమనండి."

వరండాలోకి వెళ్లి, సున్నం చెరిగిన గోడకి వీపు ఆనించి బెంచీ మీద కూర్చుంది. చేతిసంచీలోంచి చిక్కుడుకాయలు తీసి ఒళ్లో పోసుకుంది. ఈనెలు తీయడం మొదలెట్టింది. గుమాస్తా తలుపు దగ్గరికొచ్చాడు.

"అమ్మా, మీరు ఊరికే రావడం ఎందుకు, ఎండలో..."

"ఊరికే రాలేదు బాబూ. కాగితం ఇవ్వకుండా కూర్చోవడానికి వచ్చాను" అంది అక్క. "మీ పని మీరు చూసుకోండి. నా పని నేను చేసుకుంటాను."

ఆయన కాసేపు అక్కడే నిలబడ్డాడు. తర్వాత లోపలికెళ్లి ర్యాకులో పాతవి ఉండే చివరికి నడిచి, దొంతర కిందనుంచి ఒక ఫైలు లాగాడు. మాదో కాదో అంత దూరం నుంచి నాకు కనపడలేదు. అక్క చూడను కూడా చూడలేదు. జరిగి నాకు కాస్త చోటిచ్చి, ఒళ్లోంచి గుప్పెడు కాయలు తీసి నా చేతిలో పోసింది.